దూరం వద్దు, స్థానభ్రంశం ముద్దు

ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వ లెక్కల్లోంచి దూరం అనే రాశిని తక్షణం తొలగించి, ఆ కుర్చీలో స్థానభ్రంశాన్ని కూర్చోబెట్టాలని ఈ వ్యాసం ద్వారా వినయపూర్వకంగా డిమాండు చేస్తున్నాను. వినయానికీ డిమాండుకీ పొత్తు కుదరదని తెలుసు. కానీ మన రాష్ట్రంలో ఇంతకుముందు కుదరని పొత్తులెన్ని కుదరలేదు?

విషయం కొత్తదేమీ కాదు. ఇంటర్ మొదటి సంవత్సరం భౌతికశాస్త్రంలో ఉన్నదే. ఎంసెట్ కోసం బట్టీపట్టి, ర్యాంకు వచ్చిన మర్నాడు మరిచిపోయే పాఠం. ఒక మూలబిందువు నుంచి వస్తువు ఉన్న చోటికి గీసిన బాణం స్థానసదిశ. వస్తువు కదిలాక కొత్త చోటికి ఇంకో బాణం గీయాలి. రెండోదాంట్లోంచి మొదటిది తీసేస్తే మిగిలేదే స్థానభ్రంశం. అంటే బయలుదేరిన చోటి నుంచి చేరిన చోటికి తిన్నగా గీసిన బాణం. మధ్యలో ఎన్ని మలుపులు తిరిగారు, ఎక్కడ టీ తాగారు, ఎవరితో తగువు పెట్టుకున్నారు అన్నది దానికి అనవసరం. దూరం పెరగడమే గానీ తగ్గడం ఎరగదు. స్థానభ్రంశం తగ్గుతుంది, సున్నా అవుతుంది, అవసరమైతే దిశ కూడా మార్చుకుంటుంది. రాజకీయాలకు ఇంతకన్నా అనువైన రాశి భౌతికశాస్త్రంలో ఇంకోటి లేదు.

అన్నిటికన్నా నాకు నచ్చింది మూలబిందువు సంగతి. స్థానసదిశ మూలబిందువును బట్టి మారిపోతుంది. బెజవాడలో మేకు కొట్టి చూస్తే కర్నూలు పడమటి వైపు ఉంటుంది. బెంగళూరులో కొడితే అదే కర్నూలు ఉత్తరానికి వెళ్ళిపోతుంది. మన ప్రభుత్వాలన్నీ ఈ వెసులుబాటును బాగా వాడుకున్నాయి. ప్రమాణస్వీకారం చేసిన రోజునే మూలబిందువుగా పాతుకుని, దానికి ముందరిదంతా రుణాత్మకం అని ప్రకటించడం మనకు ఆనవాయితీ. స్థానభ్రంశం దగ్గర ఆ పప్పులుడకవు. రెండు సదిశల తేడా తీసేసరికి మూలబిందువు తనంతట తానే ఎగిరిపోతుంది. మేకు ఎవరు ఎక్కడ కొట్టినా జవాబు ఒక్కటే. ఇంతటి నిష్పాక్షికత ఇప్పటిదాకా వేసిన ఏ విచారణ సంఘంలోనూ నాకు కనబడలేదు.

ఉదాహరణకు మన హైకోర్టునే తీసుకుందాం. కోర్టు ధిక్కారమేమీ లేదు, ఇది కేవలం రేఖాగణితం. 1937లో మద్రాసులో కాశీనాథుని నాగేశ్వరరావు పంతులు గారింట కోస్తా, రాయలసీమ నాయకుల మధ్య కుదిరిన శ్రీబాగ్ ఒడంబడిక పుణ్యమా అని రాజధాని ఒక ప్రాంతానికి, హైకోర్టు ఇంకో ప్రాంతానికి అనుకున్నారు. ఆ లెక్కన 1953లో ఆంధ్ర రాష్ట్రం ఏర్పడగానే రాజధాని కర్నూలుకు వెళ్ళింది, 1954 జులైలో హైకోర్టు గుంటూరులో కొలువుదీరింది. గోడల సున్నం ఆరేలోపే 1956 వచ్చింది, హైకోర్టు హైదరాబాదుకు తరలిపోయింది. అక్కడ యాభై ఏడేళ్ళు దాటాక రాష్ట్రం రెండయింది. 2019 జనవరి 1న ఆంధ్రప్రదేశ్ హైకోర్టు విడిగా మొదలై, విజయవాడలో కొన్నాళ్ళు బస చేసి, చివరికి అమరావతి నేలపాడుకు చేరింది. నేలపాడు ఏ జిల్లా? గుంటూరు జిల్లా.

ఇప్పుడు బాణం గీయండి. గుంటూరు నుంచి హైదరాబాదుకు, అక్కణ్ణుంచి నేలపాడుకు తిన్నగా కొలిచినా హైకోర్టు నడిచిన దూరం దాదాపు 475 కిలోమీటర్లు. స్థానభ్రంశం పాతిక కిలోమీటర్లు, దిశ ఇంచుమించు ఉత్తరం. స్థానభ్రంశం లెక్కన అరవై అయిదేళ్ళ న్యాయచరిత్రకు సగటు వేగం ఏడాదికి నాలుగు వందల మీటర్లు కూడా దాటలేదు. వాయిదాల మీద అలిగే కక్షిదారులు ఈ అంకెను ఒకసారి చూస్తే మనసు కుదుటపడుతుందని నా ఆశ.

రాజధాని కథ ఇంకా శుభ్రం. 2015 అక్టోబరు 22న అమరావతికి ప్రధానమంత్రి శంకుస్థాపన చేశారు. 2019 డిసెంబరులో రాజధానిని మూడు ముక్కలు చేసే ప్రతిపాదన అసెంబ్లీలో వినబడింది. సచివాలయం విశాఖకు, హైకోర్టు కర్నూలుకు, అసెంబ్లీ మాత్రం ఉన్నచోటనే. భౌతికశాస్త్ర చరిత్రలో ఒకే వస్తువుకు ఒకే క్షణంలో మూడు స్థానసదిశలు ఇవ్వజూసిన ఘనత మనదే. విశాఖ నుంచి కర్నూలుకు సరళరేఖ గీస్తేనే ఆరు వందల కిలోమీటర్లకు కాస్త తక్కువ. ఆ ప్రతిపాదన కోసం చేసిన చట్టాలను 2021 నవంబరులో వెనక్కి తీసుకున్నారు. 2025 మే 2న అదే ప్రధానమంత్రి అదే అమరావతికి వచ్చి పనులు మళ్ళీ ప్రారంభించారు. పదేళ్ళకు అయిదారు నెలలు తక్కువ. స్థానభ్రంశం సున్నా. ఎక్కడ వేసిన గొంగళి అక్కడే.

ఇక పాదయాత్రలు. ఇక్కడ నా ప్రతిపాదనకు గట్టి వ్యతిరేకత వస్తుందని తెలుసు, ఎందుకంటే మన నాయకులు ప్రకటించేది ఎప్పుడూ దూరమే. 2003లో వై.ఎస్. రాజశేఖరరెడ్డి చేవెళ్ళ నుంచి ఇచ్ఛాపురానికి దాదాపు 1,500 కిలోమీటర్లు నడిచారు. స్థానభ్రంశం 720 దాకా ఉంటుంది, అంటే సగం. 2012-13లో చంద్రబాబునాయుడు హిందూపురం నుంచి విశాఖకు 2,800 పైచిలుకు నడిచారు. స్థానభ్రంశం 750 లోపే, పావు వంతుకు కాస్త ఎక్కువ. 2017 నవంబరు 6న ఇడుపులపాయలో బయలుదేరిన జగన్మోహన్‌రెడ్డి 2019 జనవరి 9న ఇచ్ఛాపురం చేరేసరికి 3,648 కిలోమీటర్లయ్యాయి. బాణం గీస్తే 850 లోపు, పావుకన్నా తక్కువ. రాత్రింబవళ్ళు కలిపి, స్థానభ్రంశంతోనే లెక్కేస్తే ఆ యాత్ర సగటు వేగం గంటకు సుమారు 82 మీటర్లు.

ముగ్గురూ తర్వాతి ఎన్నికల్లో ముఖ్యమంత్రులయ్యారు. కాబట్టి ఓటరు దూరాన్నే చూస్తాడు, స్థానభ్రంశాన్ని పట్టించుకోడు అని తేలుతోంది. ఒక్కో యాత్రకూ దూరం పెరుగుతోంది, దూరంలో స్థానభ్రంశం వాటా తరుగుతోంది. వరస ఇలాగే సాగితే ముందు తరం నాయకుడు అయిదారు వేల కిలోమీటర్లు నడిచి సరిగ్గా వాళ్ళింటి గుమ్మం ముందే యాత్ర ముగిస్తాడు, అఖండ మెజారిటీతో గెలుస్తాడు.

నా డిమాండుకు అభ్యంతరాలు లేకపోలేదు. మొదటిది ఉద్యోగ సంఘాల నుంచి వస్తుంది. క్యాంపుకు వెళ్ళి సాయంత్రానికి ఇల్లు చేరిన ఉద్యోగి స్థానభ్రంశం సున్నా కనుక టీఏ బిల్లూ సున్నా అవుతుంది. న్యాయమైన బాధే. హైదరాబాదు ఔటర్ రింగు రోడ్డు వాళ్ళు దీన్ని చూసి ఇంకా భయపడాలి. 158 కిలోమీటర్లు చుట్టి ఎక్కినచోటే దిగినవాడు టోలు ఎందుకు కడతాడు?

రెండో అభ్యంతరం భౌతికశాస్త్రానిదే. అది నన్ను కాస్త ఇరుకున పెట్టింది. గానుగెద్దు స్థానభ్రంశం రోజు చివర సున్నాయే, కానీ నూనె వచ్చింది కదా అంటారు ఆ శాస్త్రం వాళ్ళు. ఫైలును నాలుగో అంతస్తుకు మోసి మళ్ళీ కిందికి తెస్తే గురుత్వాకర్షణ లెక్క సున్నాకు సరిపోతుంది, దానికి దారితో పని లేదు. ఘర్షణ అలా కాదు, అడుగడుక్కీ వసూలు చేసుకుంటుంది. ఒక అనంతపురం కక్షిదారు కుటుంబాన్ని ఊహించుకోండి. తాత కర్నూలు మీదుగా గుంటూరు వెళ్ళాడు, కొడుకు హైదరాబాదు తిరిగాడు, మనవడు నేలపాడు దారి కనుక్కుంటున్నాడు. హైకోర్టు పాతిక కిలోమీటర్లే జరిగింది, నిజమే. అరిగిన చెప్పులు, అమ్ముకున్న పొలం మాత్రం దూరం లెక్కలోకి వస్తాయి. అందువల్ల కక్షిదారులకు మినహాయింపు ఇవ్వాలా అన్న అంశాన్ని ఒక ఉన్నతస్థాయి కమిటీకి వదిలేయమని నా సలహా.

జీవో ముసాయిదా నేనే రాసి పెట్టాను. అన్ని శాఖల వార్షిక నివేదికల్లో మొదటి పేజీలో ఒకే ఒక బాణం ఉండాలి: నిరుడు ఎక్కడున్నాం, ఇప్పుడెక్కడున్నాం. శంకుస్థాపన ఫలకాలపై తేదీ పక్కనే చోటి అక్షాంశ రేఖాంశాలు చెక్కించాలి, రెండోసారి శంకుస్థాపనకు వచ్చినవారికి వెతుకులాట తప్పుతుంది. అమలుకు ఏడుగురు సభ్యుల కమిటీ. ప్రధాన కార్యాలయం ఎక్కడన్నది ఖాళీ వదిలాను, ఆ గీత మీద పెన్సిలుతోనే రాయాలని మార్జిన్లో సూచించాను. కమిటీ సభ్యుల ప్రయాణ భత్యం మాత్రం పాత పద్ధతిలోనే, కిలోమీటర్ల లెక్కన.