సవరణ: సస్పెన్షన్ కాలం దానంతటదే డ్యూటీ అయిపోదు

సస్పెండైన ప్రభుత్వ ఉద్యోగిని మళ్లీ విధుల్లోకి తీసుకుంటే ఆ కాలమంతా డ్యూటీ కిందే లెక్క, పూర్తి జీతం వస్తుందని మొన్న రాశాను. అది తప్పు. నా మాట నమ్మి ఊరుకున్నవాళ్లు నష్టపోతారు, మన్నించండి.

ప్రభుత్వ ఉద్యోగుల జీతం, సెలవుల నిబంధనల్లో ఒకటైన ఫండమెంటల్ రూల్ 54-బి ప్రకారం, సస్పెన్షన్ పూర్తిగా అన్యాయమని అధికారి తేలిస్తేనే పూర్తి జీతభత్యాలు. లేదంటే ఎంత ఇవ్వదలిచారో ముందు నోటీసివ్వాలి, జవాబుకు గడువు 60 రోజులు దాటదు. ఆ మొత్తం జీవనభృతి (సస్పెన్షన్‌లో ఉండగా ఇచ్చే భత్యం) కంటే తగ్గకూడదు. డ్యూటీగా లెక్కించకపోతే, ఖాతాలో ఉన్న సెలవుగా మార్చమని అడగొచ్చు.

ఆర్డర్‌లో "విధుల్లోకి తీసుకోవడమైనది" అని మాత్రమే ఉండి, సస్పెన్షన్ కాలం ఊసే లేకపోతే, దాన్ని తేల్చమని వెంటనే దరఖాస్తు పెట్టండి. సర్వీసు రిజిస్టర్‌లో ఆ నెలలు తేలకుండా ఉండిపోతే ఇంక్రిమెంట్ దగ్గరా, పెన్షన్ దగ్గరా అవే అడ్డుపడతాయి.