నడవమనే ముందు నడిచే దారి చూడండి

రోజూ నడవండి, టెన్షన్ తగ్గించుకోండి, ఆరోగ్యం మీ చేతుల్లోనే ఉందని మీరు వేసిన ఆరోగ్య వ్యాసం చెబుతోంది. మనిషి బతికే చోటు గురించి మాత్రం ఒక్క ముక్క లేదు. అదే నాకు బాధగా ఉంది.

వారానికి కనీసం 150 నిమిషాల వ్యాయామం కావాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్పింది, నిజమే. కానీ ఎక్కడ నడవాలి? ఫుట్‌పాత్ మీద పలకలు లేచిపోయి, మిగిలిన జాగాలో బైకులు పెట్టేసి, వీధిలైటు వెలగకపోతే, పనినుంచి చీకటిపడ్డాక ఇల్లు చేరే ఆడమనిషి ఇంకోసారి గడప దాటుతుందా? ఆమెను బద్ధకస్తురాలనడం అన్యాయం.

1990ల్లో అమెరికాలో ఒక ప్రయోగం చేశారు. పేదవాడల్లోని కొన్ని కుటుంబాలను లాటరీ తీసి ఎంపికచేసి, పేదరికం తక్కువున్న ప్రాంతాలకు మారే అవకాశమిచ్చారు. పది పదిహేనేళ్ల తర్వాత చూస్తే, ఆ అవకాశం దక్కిన కుటుంబాల్లోని మహిళల్లో తీవ్ర ఊబకాయం, మధుమేహం తక్కువగా కనిపించాయి. వాళ్లకెవరూ డైట్ చార్టులు ఇవ్వలేదు, ఇల్లు మారే వీలు కల్పించారంతే. 1854లో లండన్‌లో కలరా చెలరేగినప్పుడు కూడా డాక్టర్ జాన్ స్నో జనం అలవాట్లను తిట్టలేదు. చనిపోయినవాళ్ల ఇళ్లెక్కడో ఆరా తీసి, బ్రాడ్ స్ట్రీట్‌లోని తాగునీటి పంపును అనుమానించి, దాని పిడి తీయించారు.

గాలి, రాత్రిపూట ట్రాఫిక్ మోత కూడా మనిషి బతికే చోటును బట్టే ఉంటాయి. నిద్ర సరిగ్గా పట్టకపోతే బీపీ పెరుగుతుంది, మర్నాడు నడిచే ఓపికా ఉండదు. దయచేసి తర్వాతి వ్యాసంలో ఈ ప్రశ్నలు డాక్టర్లతో పాటు రోడ్లు, ఇళ్లు ప్లాన్ చేసేవాళ్లనూ అడగండి.