95 నిమిషాలు ఆగలేరా?
‘రెడీ ఆర్ నాట్’ చూద్దామని కూర్చున్నాం. 2019 సినిమా, మొత్తం 95 నిమిషాలే. పెళ్లయిన రాత్రే అత్తింటి ఆచారం ప్రకారం ఆట కోసం కార్డు తీస్తే, కొత్త కోడలికి దాగుడుమూతల కార్డు వస్తుంది. ఇక తెల్లారేలోపు ఆమెను పట్టి చంపాలని అత్తింటివాళ్లంతా ఆయుధాలు పట్టుకుని వెతుకుతుంటారు. ఊపిరి బిగబట్టే చోటు కదా! సరిగ్గా అప్పుడే పక్కన ఫోన్ వెలిగింది. రీల్స్, సౌండ్‌తో సహా! ఇంకొకరు మూడోసారి, “ఎవరీ అమ్మాయి?” వెనకాయనైతే క్లైమాక్స్ మొత్తం చెప్పేశాడు. అడిగామా నిన్ను?

సినిమాలో ఆ పిల్ల పెళ్లిగౌను అంచు చింపుకుని, మడమల చెప్పులు వదిలి, బూట్లు తొడుక్కుంటుంది. నవ్వొస్తుంది, మరుక్షణమే వెన్నులో చలి. ఆ రెండూ కలిసేది నిశ్శబ్దంలోనే. అది కాస్తా పాడుచేశారు! 95 నిమిషాలు నోరు మూసుకుని కూర్చోవడం అంత కష్టమా? చూడాలని లేకపోతే లేచి బయటికి పోవచ్చుగా!