పెండ్లికి పిలవనీకి సామే ఊరికొస్తే

అహోబిలం పార్వేట, అంటే నరసింహసామి వేటకు బయలుదేరే ఉత్సవం, మొదలైంది, చెంచులు పల్లకి మీదికి బాణాలు వేసినారు అని కనుమ మరుసటి రోజు పేపర్లలో వార్త వస్తాది, ఒక ఫోటో, నాలుగు లైన్లు, అంతే. ఫోటో బాగుంటాది నిజమే, కానీ అసలు కథ ఆ తర్వాత నలభై రోజులు నడుస్తాది, దాన్ని ఎవరూ పెద్దగా పట్టించుకోరు.

ఎగువ అహోబిలం జ్వాలా నరసింహస్వామి, దిగువ ప్రహ్లాదవరదుడు ఇద్దరూ పల్లకి ఎక్కి ఆళ్లగడ్డ, రుద్రవరం చుట్టుపక్కల ముప్పైకి పైగా ఊర్లు తిరుగుతారు. ఎందుకంటే ఫాల్గుణంలో బ్రహ్మోత్సవాలు, అప్పుడే సామి పెండ్లి, జనాన్ని పిలవాల గదా. ఇంకొకర్ని పంపకుండా తానే గడప గడపకూ వస్తాడు. పల్లకి దించే అరుగును తెలుపు అంటారు, ఆ రోజుకు దాన్ని కడిగి ముగ్గేసి, టెంకాయలు, కొత్త బట్టలు, అత్తగారిండ్ల నుంచి ఆడబిడ్డలు, అల్లుళ్లు... కొన్ని ఊర్లలో సంక్రాంతి కంటే ఇదే పెద్ద పండగ.

అహోబిలం వైష్ణవుల 108 దివ్యదేశాల్లో (ఆళ్వార్లు పాడిన పుణ్యక్షేత్రాల్లో) ఒకటి, తమిళ భక్తకవి తిరుమంగై ఆళ్వార్ పాడిన కొండ, మఠం, ఆగమం (గుడి పూజల శాస్త్రం) అన్నీ ఉన్నాయి. ఇంకోపక్క చెంచులక్ష్మిని చేసుకున్నాడు కాబట్టి నల్లమల చెంచులకు ఆయన ఇంటి అల్లుడు. గిరిజన దేవుణ్ణి వైష్ణవం కలిపేసుకుందని కొందరు అంటుంటారు, అంత సింపుల్‌గా తేల్చేయడం నాకు నచ్చదు. కలిపేసుకుని ఉంటే ఇన్ని వందల ఏండ్ల తర్వాత కూడా మఠం పల్లకి మీద చెంచోళ్లు బాణం ఎట్లా వేస్తారు? నన్నడిగితే అది అల్లునితో ఆడే సరసం, ఆ చనువు ఇంకా వాళ్ల చేతిలోనే ఉంది.

ఇప్పుడు ఈ పార్వేటకు యునెస్కో గుర్తింపు అనే మాట వినబడుతోంది. రానీ, మంచిదే. కానీ మన దగ్గర గుర్తింపు వచ్చిందంటే దాని వెనకే స్టేజీ, వీఐపీ పాసులు, టూరిస్టుల కోసం కుదించిన షెడ్యూలు కూడా వస్తాయి, నా భయమంతా అదే. రోజులు తగ్గిస్తే ముందు ఎగిరిపోయేది రోడ్డు సరిగా లేని చిన్న ఊరే, బంతిలో కూర్చున్నోళ్లకు వడ్డించకుండా దాటిపోయినట్టు ఉంటాది. డబ్బు పెట్టేటట్టయితే ముందు ఆ ఊర్ల దారులకు, పాడైన తెలుపులకు పెట్టండి, నలభై రోజులు పల్లకి మోసే బోయీలకు కూలి గట్టిగా ఇయ్యండి, బ్యానర్ల సంగతి తర్వాత చూద్దాం.