లాల్‌బాగ్‌లో అంకణం ఎంత?

తోటల గురించి పెద్ద పెద్ద పుస్తకాలు రాసినవాళ్లంతా ఒక ముఖ్యమైన విషయం వదిలేశారు. చెట్టు ఏ జాతిది, ఏ దేశం నుంచి వచ్చింది, ఏ నెలలో పూస్తుంది, ఇవన్నీ రాశారు గానీ అది నిలబడిన చోటు అంకణం ఎంత పలుకుతుందో ఒక్కరూ రాయలేదు. శాస్త్రానికి ఇంత లోటు ఉండకూడదని, దాన్ని పూడ్చడానికి మా నెల్లూరు వాళ్లు నడుం కట్టారు. బెంగళూరు లాల్‌బాగ్‌లో ఆ మహాకార్యం జరుగుతుండగా నేను పక్కనే ఉన్నాను కాబట్టి నాలుగు ముక్కలు రాసిపెట్టడం నా బాధ్యత.

బయటి జిల్లాల వాళ్ల కోసం చిన్న వివరణ. మావాళ్లు ఈ పేరా దాటేయొచ్చు, ఉగ్గుపాలతోనే తాగి ఉంటారు. మా దగ్గర ఇంటి స్థలం గజాల్లో అడిగితే అదోలా చూస్తారు. మాది అంకణం లెక్క. అంకణం అంటే 72 చదరపు అడుగులు, అంటే 8 గజాలు. ఎకరానికి 605 అంకణాలు. కొన్ని ఊళ్లలో అంకణం అంటే ఇందులో సగమేనట, వాళ్ల ఖర్మ. ఎక్కాలు సరిగ్గా రాని పిలకాయలకి కూడా మా ఊళ్లో ఈ 605 మాత్రం నోటికొచ్చు.

లెక్కతో నాకు పేచీ లేదు, నా పేచీ అంతా ఆ ప్రశ్నతోనే. "ఈడ అంకణం ఎంత?" దీన్ని అడగని చోటు మీకు తెలిస్తే చెప్పండి, అక్కడికి పోయి బతుకుతా. పెళ్లిలో తలంబ్రాలు పోస్తుంటే అడుగుతారు. స్కూల్లో పిల్లని చేర్పించడానికి పోయి, ఫీజు సంగతి తర్వాత, ముందు ఇది అడుగుతారు. చావింటికి పోయి, పాడె లేవకముందే, ఇంటి ముందు రోడ్డు ఎన్ని అడుగులో కళ్లతో కొలిచి, పక్కనున్నవాడి చెవిలో అడుగుతారు. పోయినాయన వినపడితే లేచి రేటు చెప్తాడేమో అన్నంత శ్రద్ధగా అడుగుతారు.

ఇక తోట సంగతి. బెంగళూరులో మేనల్లుడి ఫ్లాటు గృహప్రవేశం. పాలు పొంగాయి, భోజనాలు అయ్యాయి. మర్నాడు ఆదివారం పొద్దున ఈ పెద్దవాళ్లందరినీ ఫ్లాట్‌లో కూర్చోబెడితే టీవీ రిమోట్ దగ్గర గొడవలవుతాయని వాడు తెలివిగా ఆలోచించి, లాల్‌బాగ్‌లో హెరిటేజ్ వాక్ బుక్ చేశాడు. డబ్బు కట్టి నడవడం ఏందిరా అని మా పెదనాన్న గొణిగాడు గానీ కట్టింది వాడు కదా అని బయల్దేరాడు. పెదనాన్న రెవెన్యూలో చేసి రిటైరయ్యాడు. మా బావ ప్లాట్ల వ్యాపారంలో ఉన్నాడు. వియ్యంకుడుగారు చీమకుర్తి మనిషి, గ్రానైట్. వెనకాల మా వదిన, ఇంకా కొందరు. ఇంతటి నిపుణుల బృందం ఆ తోటలో ఇంతకు ముందు అడుగుపెట్టి ఉండదు.

గైడు ఒక అమ్మాయి. కోలారు వైపు పిల్లట, చక్కగా తెలుగు మాట్లాడింది. ముందు అందరినీ పెద్ద బండరాయి మీదికి ఎక్కించింది. పైన కెంపేగౌడ గోపురం ఉంటుంది, చూసే ఉంటారు. "అంకుల్, మీరు నిలబడిన రాయి వయసు దాదాపు 300 కోట్ల సంవత్సరాలు. భూమ్మీద చాలా పాత రాళ్లలో ఇదొకటి. దీన్ని జాతీయ భూగర్భ స్మారకంగా ప్రకటించారు" అంది. చెప్పేటప్పుడు ఆ పిల్ల గొంతులో చిన్న వణుకు, వారం వారం చెప్పే మాటే అయినా. మావాళ్లు నిశ్శబ్దంగా విన్నారు. నాకు కూడా కాసేపు మనుషుల మీద ఆశ పుట్టింది. అప్పుడు వియ్యంకుడుగారు మోకాళ్ల మీద వంగి, జేబులోంచి కారు తాళం తీసి, 300 కోట్ల ఏళ్ల రాయిని గీకి, వేలితో తుడిచి, వాసన కూడా చూసి తీర్పు చెప్పాడు. "ఇది మా చీమకుర్తి గెలాక్సీ గ్రానైట్ కాదులేమ్మా. బూడిద రంగు. చారలు ఎక్కువ. ఎక్స్‌పోర్టుకి పనికిరాదు." అందుకే బతికిపోయిందన్నమాట. లేకపోతే ఈపాటికి ఏ దేశంలోనో వంటింటి గట్టు అయ్యుండేది.

కిందికి దిగాక చరిత్ర మొదలైంది. 1760లో హైదరాలీ ఈ తోట వేయించాడని, కొడుకు టిప్పు పర్షియా, టర్కీ, ఆఫ్రికా వైపుల నుంచి కూడా మొక్కలు తెప్పించి పెంచాడని, 1799లో టిప్పు చనిపోయాక ఇంగ్లీషువాళ్ల చేతుల్లోకి పోయిందని, 1856లో ప్రభుత్వ బొటానికల్ గార్డెన్ అయిందని ఆ అమ్మాయి వరసగా చెప్పుకొచ్చింది. మా పెదనాన్న కళ్లజోడు సర్దుకున్నాడు. రిటైరయ్యాక ఆయన మొహంలో అంత వెలుగు నేను చూడలేదు. "అమ్మాయ్, 1799కీ 1856కీ మధ్యలో లింకు డాక్యుమెంట్లు ఉండాయా?" ఆ పిల్లకి అర్థం కాలేదు. "టైటిల్ ఎట్టా మారిందీ అంటన్నా. వారసులకి నోటీసు ఇచ్చారా? రిజిస్ట్రేషన్ ఆఫీసులో ఈసీ తీస్తే పాత లావాదేవీలు ఏం కనబడతాయి? ట్వంటీటూ ఏ లిస్టులో పెట్టారా లేదా?" మా రాష్ట్రంలో అమ్మకూడని భూముల జాబితాకి ఆ పేరులే తల్లీ అని నేను చెప్పబోతే, పెదనాన్న నన్ను చేత్తో ఆపి తీర్మానించాడు. "లిటిగేషన్ ల్యాండ్. దూరంగా ఉండటం మంచిది."

దూరంగా ఉండటం మా బావ వల్ల అయ్యే పని కాదు. మొత్తం విస్తీర్ణం ఎంతని అడిగాడు. 240 ఎకరాలు అందా అమ్మాయి. ఆ మాట అనకుండా ఉంటే బాగుండేది. ఆమె మమ్మల్ని ముసలి బూరుగుచెట్టు కిందికి తీసుకెళ్లింది, వేళ్లు మనిషి నడుమెత్తు గోడల్లా లేచి నేల మీద పాకుతుంటాయి, పిలకాయలు ఒక వేరు వెనక దాక్కుంటే కనబడరు. అందరూ తలెత్తి చూస్తుంటే మా బావ తల దించి ఫోన్‌లో క్యాలిక్యులేటర్ నొక్కుతున్నాడు. "బావా, ఇటు చూడు. రెండొందల నలభై ఇంటూ ఆరొందల ఐదు. లక్షా నలభై ఐదు వేల రెండు వందల అంకణాలు. రోడ్లకీ డ్రైన్లకీ ఖాళీ స్థలానికీ కలిపి నలభై పర్సెంట్ తీసెయ్. ఎనభై ఏడు వేల నూట ఇరవై. ముప్పై ఆరు అంకణాల బిట్లు వేస్తే రెండు వేల నాలుగొందల ఇరవై ప్లాట్లు, శేషం సున్నా!" ఆ సున్నా చూసి అతని గొంతు పూడుకుపోయింది. హైదరాలీ ముందుచూపుకి చేతులెత్తి మొక్కుతాడేమో అనుకున్నా. మళ్లీ వెంటనే తేరుకుని, "చెరువు ఒకటి అడ్డం ఉండాది, పూడ్చాలి" అన్నాడు.

గ్లాస్‌హౌస్ దగ్గర సంగతి క్లుప్తంగా చెప్తా. 1889లో ఇంగ్లండు రాజకుమారుడు ఆల్బర్ట్ విక్టర్ శంకుస్థాపన చేశాడు, లండన్ క్రిస్టల్ ప్యాలెస్ చూసి కట్టారు, ఏటా జనవరి 26కీ ఆగస్టు 15కీ పూల ప్రదర్శనలు పెడతారు. మావాళ్ల ప్రశ్న: ముహూర్తాలున్న రోజుల్లో అద్దె ఎంత, ఏసీ బిగిస్తే కరెంటు బిల్లు ఎవరు కట్టాలి, వంటశాల ఎటు.

తర్వాత ఆ అమ్మాయి కృంబిగల్ అనే జర్మన్ గురించి చెప్పింది. లండన్ క్యూ గార్డెన్స్‌లో పనిచేసి మన దేశం వచ్చి, తర్వాత ఈ తోట బాధ్యత చూశాడు. ఊరి రోడ్ల పక్కన ఒక జాతి పూత రాలేసరికి ఇంకో జాతి పూసేలా, ఏడాది పొడుగునా ఏదో ఒక చెట్టు పూలతో ఉండేలా మొక్కలు వేయించింది ఆయనేనని చెప్తారు. ఆలోచించండి, ఆ పూత చూడ్డానికి తాను ఉంటాడో లేడో తెలియకుండా ఒక ఊరికి క్యాలెండర్ కట్టాడు. ఆయనకంటే ముందు తోటని చూసిన కామెరాన్ అనే ఆయనే మనం బెంగళూరు వంకాయ అని వండుకునే కాయని ఇక్కడికి తెచ్చాడని కూడా చెప్పింది. అక్కడ మాత్రం మా వదిన చెవి నిలబెట్టింది. శనగపప్పు వేసి వండితే బాగుంటుందని గైడుకి వంట చెప్పి, ఆ తర్వాత అడిగింది: "ఇన్ని చెట్లకి ఎండాకాలం నీళ్లు ఎట్టా పోస్తారమ్మా?" మొత్తం నడకలో తోట గురించి తోట కోసం వచ్చిన ప్రశ్న అదొక్కటే. గైడు సంతోషంగా నోరు తెరిచింది. ఈలోపు మా బావ మధ్యలో దూరి, "అది సరే గానీ, ఈ గేటు బయట అంకణం ఎంత?" అన్నాడు.

నవ్వొచ్చిందా? నాకు రాలేదు, ఎందుకంటే నేను మళ్లీ నెల్లూరు రావాలి.

మే నెలలో నలభై నాలుగు డిగ్రీలు దాటే ఊరు ఇది. రోహిణి కార్తెలో మధ్యాహ్నం బయటికొస్తే చెప్పు తారుకి అతుక్కుంటుంది. ఇలాంటి ఊళ్లో లేఅవుట్ వేయాలంటే పదో వంతు ఖాళీగా వదలాలని నిబంధన ఉంది. వదుల్తారు, కాగితం మీద పచ్చ ఇంకుతో. మా కాలనీ ప్లాన్‌లో ఆ పచ్చ గళ్లు ఎంత ముచ్చటగా ఉంటాయో! నేల మీదికి వస్తే, ముందు అందులో నీళ్ల ట్యాంకు లేచింది, అవసరమే అన్నారు. తర్వాత గుడి లేచింది, దేవుడికి అడ్డం చెప్పేదెవరు. తర్వాత గుడికొచ్చేవాళ్ల కోసం షెడ్డు, షెడ్డు కోసం ప్రహరీ, ప్రహరీని ఆనుకుని ఎవరిదో కారు. పార్కు అని చెప్పుకోడానికి ఇప్పుడు మిగిలింది ముక్కు విరిగిన సిమెంటు కొంగ, జారుడుబల్ల. మధ్యాహ్నం ఆ జారుడుబల్ల మీద అట్టు పోయొచ్చు.

ఒక కానుగచెట్టు ఉండేది. దాని కింద ఇస్త్రీ బండి. ఇస్త్రీ చేసే ఆయన, ఆయన భార్య, గేటు దగ్గర పూలమ్మే ముసలమ్మ, ఆటోవాళ్లు, ఇంటి పనులకొచ్చే ఆడవాళ్లు టిఫిన్ డబ్బాలు విప్పుకుని, అందరికీ అదే నీడ. దాన్ని కొట్టేశారు. ఎందుకయ్యా అంటే ఆకులు కారు మీద రాలతన్నాయంట! చెట్టుకి ఆకులు రాలక ఏం రాలతాయి, పది రూపాయల నోట్లా? ఎవడి కారు కోసమో ఇరవై మంది నెత్తిన ఎండ పోశారు, కాలనీ మీటింగ్‌లో ఒక్కడు నోరెత్తలేదు. పైగా కొట్టించిన పెద్దమనిషికి ఆ ఏడే వనమహోత్సవంలో శాలువా కప్పారు, గుంత తీసి కోనోకార్పస్ మొక్క పెట్టించి ఫొటో తీసుకున్నారు. ఆ మొక్కకి నీళ్లు పోసినవాడు లేడు. ఇస్త్రీ ఆయన ఇప్పుడు నీలం పట్ట కింద నిలబడి, బొగ్గు పెట్టె వేడి కిందా, పట్ట వేడి పైనా, మన చొక్కాలు మడత నలగకుండా చేసిస్తున్నాడు. సిగ్గుండాలి మనకి. మొలగొలుకుల వడ్లు పండిన మాగాణిని మట్టి కొట్టి చదును చేసి, ఉన్న వేపా తాడీ పెకలించి, హద్దురాళ్లకి పసుపు రంగు వేసి, ఆర్చి మీద గ్రీన్ అని రాసుకునే జాతికి వేరే ఊరి తోటలో గైడు ఎందుకు?

బెంగళూరు నుంచి వచ్చాక మా బావ కొత్త వెంచర్ పనిలో పడ్డాడు. హెరిటేజ్ వాక్ ఊరికే పోలేదు, బ్రోచర్ మీద గ్లాస్‌హౌస్ బొమ్మ వేయించాడు, ముఖద్వారానికి ఫైబర్‌తో అలాంటి గుమ్మటమే పెడతాడట, లోపలి రోడ్డుకి కృంబిగల్ అవెన్యూ అని పేరు, పలకలేకపోతే ఫస్ట్ మెయిన్. తెలుగులో నాలుగు మంచి మాటలు రాసిమ్మని నన్నడిగాడు, అంకణానికి ఇంత అని ఇస్తాడట. లేఅవుట్ ప్లాన్ తీసుకుని అటూ ఇటూ తిప్పి చూశా.

"బావా, ఇందులో పార్కు యాడ?"

"పార్కు దేనికి బావా? మన పిలకాయలంతా బెంగళూరులోనే గదా ఉండేది. ఆడుండాది గదా లాల్‌బాగు."