నోటికీ కంటికీ మధ్య చెక్‌పోస్టు

కంటి డాక్టర్ల మీద నాకు ఈ మధ్య కొంచెం కోపంగా ఉంది. కన్ను వాళ్ల శాఖ, నోరు వాళ్ల శాఖ కాదు. ఎవరి శాఖ వాళ్లు చూసుకుంటే ఊరు బాగుంటుంది. మా బావమరిది విశాఖపట్నం వెళ్లి రెండు కళ్లకీ లేసిక్, అంటే కళ్లద్దాలు పోగొట్టే లేజర్ ఆపరేషన్, చేయించుకొచ్చాడు, వచ్చేటప్పుడు చేతిలో ఒక కాగితం పెట్టి పంపించారు. కళ్లలో నీళ్లు పడనివ్వొద్దు, కన్ను నలపొద్దు, సముద్రంలో మునగొద్దు అని వరసగా రాశారు. అంతవరకు బాగానే ఉంది, గోపాల్‌పూర్ వెళ్లినా ప్యాంటు మోకాళ్ల దాకా మడిచి అలల్ని చూసి వచ్చేసే మనిషికి మునగొద్దంటే పోయేదేముంది. ఆఖరి లైను దగ్గరే పేచీ వచ్చింది. 'పొగ తాగరాదు, పొగ ఉన్న చోట ఉండరాదు' అట. బరంపురంలో పొగ లేని చోటు ఎక్కడుందో అది కూడా రాసి ఇస్తే మేం అక్కడికే వెళ్లి కూర్చునేవాళ్లం కదా.

ఇంతకీ ఈ ఆపరేషన్ కంటి కోసం కాదు, పెళ్లి కోసం. మావాడికి మైనస్ ఆరు అద్దాలు. పర్లాకిమిడి సంబంధం వాళ్లు వచ్చి, కాఫీ తాగి, "అబ్బాయి అన్ని విధాలా బాగున్నాడు, ఆ అద్దాలే..." అని వాక్యాన్ని సగంలో వదిలేసి వెళ్లారు. ఆ వదిలేసిన సగం వాక్యం కోసమే మా మామగారు బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్ ఒకటి బద్దలుకొట్టారు. సిగరెట్ల సంగతి వాళ్లు అడగనే లేదు. అబ్బాయికి చెడ్డ అలవాట్లు లేవని మధ్యవర్తి ముందే చెప్పాడు, అది నిజమే కూడా. మన దగ్గర చెడ్డ అలవాటు అంటే మందు. సిగరెట్టు టీకి జోడీ, దాన్ని అలవాటు అనరు.

"నోట్లోకి పీలుస్తాను గానీ కంట్లోకి పీలుస్తానా బావా?" అన్నాడు మావాడు ఆ కాగితం మడిచి జేబులో పెట్టుకుంటూ.

దీన్ని తేలిగ్గా తీసుకోకండి, ఇది మా ప్రాంతపు సిద్ధాంతం. మేం ఇచ్చాపురం దగ్గర, ఆంధ్రా ఒడిశా సరిహద్దులో, పురుషోత్తపురం చెక్‌పోస్టు చూసి పెరిగిన వాళ్లం. ఇటు సరుకు అటు వెళ్లాలంటే కాగితాలు ఉండాలి, లేకపోతే లారీ పక్కకి తీసి నిలబెడతారు అని చిన్నపిల్లాడికి కూడా తెలుసు. మనిషి మొహంలో కూడా నోటికీ కంటికీ మధ్యన, ముక్కు దగ్గర ఎక్కడో, ఇలాంటి చెక్‌పోస్టు ఒకటి ఉంటుందని మా నమ్మకం. సిగరెట్టు పొగ ఊపిరితిత్తుల పేరు మీద బుక్ అయిన సరుకు. దాన్ని కంటికి డెలివరీ ఇవ్వడం రూల్సుకి విరుద్ధం.

డాక్టర్లు చెప్పే కథ వేరు. పొగలో కార్బన్ మోనాక్సైడ్ ఉంటుందట. అది రక్తంలోకి ఎక్కి, ఆక్సిజన్ కూర్చోవాల్సిన సీట్లో తను కూర్చుంటుంది. రక్తంలో ఆక్సిజన్‌ని మోసే హిమోగ్లోబిన్‌కి ఆక్సిజన్ మీద ఉన్న ప్రేమ కంటే దీని మీద 200 రెట్లకు పైగా ఎక్కువ ప్రేమ, అందుకని లేవమన్నా లేవదు. విశాఖ వెళ్లే రైల్లో మన రిజర్వుడు బెర్తు మీద ముగ్గురు కూర్చుని "సర్దుకోండి" అంటారే, అచ్చం అలా. నికోటిన్ వచ్చి సన్న రక్తనాళాల్ని బిగిస్తుంది, కంటి వెనకాల రెటీనాలో ఉన్నవి అలాంటి సన్న నాళాలే. సరే, ఇదంతా రక్తం మీదుగా వచ్చే దొడ్డిదారి. ముందు వైపు నుంచి రాజమార్గం ఒకటుంది. నల్లగుడ్డు మీద గడియారం అద్దంలా ఉండే కార్నియాకి రక్తనాళాలు లేవు. ఉంటే చూపుకి అడ్డం. దానికి కావలసిన ఆక్సిజన్‌లో ఎక్కువ భాగాన్ని కన్నీటి పొర మీదుగా బయటి గాలి నుంచే తీసుకుంటుంది. అలా గాలి మీద బతికే దాని ముందు, జానెడు దూరంలో, మనం రోజుకి పదిసార్లు ధూపం వేస్తాం.

ఇక లేసిక్ దగ్గరికి వద్దాం. కార్నియా మొత్తం మందమే సుమారు అర మిల్లీమీటరు. అందులో పైనుంచి 100 మైక్రాన్ల (మైక్రాన్ అంటే మిల్లీమీటరులో వెయ్యో వంతు) పైచిలుకు మందంతో పల్చటి మూత ఒకటి కోసి, పుస్తకం అట్ట తెరిచినట్టు పక్కకి మడిచి, కింద లేజర్‌తో చెక్కి, మళ్లీ మూసేస్తారు. మావాడి ఆరు పవరుకి చెక్కింది ఎంతంటే 80, 90 మైక్రాన్లు, అంటే ఇంచుమించు ఒక వెంట్రుక మందం. మామగారి ఫిక్స్‌డ్ డిపాజిట్ రెండు వెంట్రుకలకి ఖర్చయింది. ఆ మూతకి కుట్లు ఉండవు, దానంతటదే అతుక్కుంటుంది. కాకపోతే మూత కోసినప్పుడు కార్నియాలోని సన్న నరాలు తెగుతాయి, అవి మళ్లీ పెరగడానికి నెలలు పడుతుంది, అప్పటిదాకా కన్నీళ్లు సరిగా ఊరవు. అప్పగింతల్లో ఏడవాల్సింది ఎలాగూ అవతలివాళ్లే కాబట్టి పరవాలేదనుకోండి. ఆ ఊరిన కాసిని కన్నీళ్లు ఆవిరైపోకుండా పైన సన్నటి నూనె పొర ఒకటి ఉంటుంది, పులుసు మీద తేలే నూనెలాగా. పొగ వచ్చి సరిగ్గా ఆ నూనె పొరని పాడుచేస్తుంది. కన్ను ఎండిపోతుంది, గరగరలాడుతుంది, చెయ్యి తనకి తెలీకుండానే వెళ్లి నలుపుతుంది, కొత్తలో అయితే ఆ మూత కదిలిపోయే ప్రమాదం ఉంది. అంటే కాగితంలో 'నలపొద్దు' అన్న లైనూ 'పొగ తాగొద్దు' అన్న లైనూ నిజానికి ఒకే లైను, రెండుసార్లు రాశారు అంతే. మూత కోయకుండా పై పొరని గీకేసి చేసే పద్ధతి ఇంకోటి ఉంది, అందులో ఆ పొర మళ్లీ పెరగాలి, మూడు నుంచి ఐదు రోజులు కట్టు బదులు ఒక కాంటాక్ట్ లెన్స్ పెట్టి ఉంచుతారు. పొగతాగేవాళ్లకి గాయం మానడం ఆలస్యమవుతుందంటారు.

ఇదంతా నేను మావాడికి ఓపిగ్గా చెప్పాను. వాడు అంతా విని ఒకే ఒక్క సాక్ష్యం ప్రవేశపెట్టాడు. "మరి మీ అమ్మమ్మో?"

మా అమ్మమ్మది సోంపేట పక్క పల్లె. ఆవిడ కాల్చేది అడ్డపొగ. తెలియనివాళ్ల కోసం చెప్తున్నాను, చుట్ట వెలిగించి, వెలిగిన కొస నోట్లో పెట్టుకుని, చల్లటి కొస బయటికి ఉంచి కాల్చడం. శ్రీకాకుళం తీరంలో ఆడవాళ్లకి ఇది తరతరాల విద్య. సముద్రపు గాలికి నిప్పు ఆరదు, మామగారు ఎదురొచ్చినా కనపడదు. వైద్య పుస్తకాల్లో అంగుడి కేన్సర్ దగ్గర మన తీరం పేరు దీనివల్లే ఎక్కింది, మన జిల్లాకి దక్కిన కొద్దిపాటి అంతర్జాతీయ గుర్తింపుల్లో అదొకటి. అడ్డపొగ కాల్చి కూడా ఎనభై ఏళ్ల వయసులో ఆవిడ కళ్లద్దాలు లేకుండా సూదిలో దారం ఎక్కించేదని మా వంశంలో గట్టి ప్రచారం. ఏ పెళ్లిలో ఎవరు సిగరెట్టు మానమన్నా ఈ సూది బయటికి వస్తుంది.

దారం ఎక్కించింది నేను. నాకప్పుడు ఎనిమిదేళ్లు. అరుగు మీద చింకి బొంత పరుచుకుని కూర్చుని పిలిచేది, వెళ్లి దారం కొస ఎంగిలి చేసి, వేళ్లతో నలిపి మొన చేసి, ఎక్కించి ఇచ్చేవాణ్ని. సూది అందుకుంటూ నా మొహంలోకి, కచ్చితంగా నా మొహంలోకే, చూస్తూ "ఎవుర్రా, పెద్దోడివా సిన్నోడివా?" అని అడిగేది.

అయినా సిద్ధాంతాన్ని అంత తొందరగా వదులుకోకూడదు. ఆలోచిస్తే అడ్డపొగలో ఒక గొప్ప ఇంజినీరింగ్ ఉంది. నిప్పు లోపల, కాబట్టి పొగ కంటి ముందు ఎగరదు. లేసిక్ చేయించుకున్న ప్రతివాడికీ చుక్కల మందుతో పాటు ఒక చుట్టల కట్ట ఇచ్చి, అడ్డపొగలో వారం రోజులు శిక్షణ ఇప్పించాలని నా సూచన. కన్ను భద్రం. అంగుడు సంగతి పళ్ల డాక్టరు చూసుకుంటాడు, అది ఆయన శాఖ.

ఇందులో ప్రభుత్వాన్ని తప్పుపట్టడానికి వీల్లేదు. 2008 అక్టోబర్ 2 నుంచి, గాంధీగారి పుట్టినరోజు చూసి మరీ, బహిరంగ ప్రదేశాల్లో పొగ నిషేధించింది. 2016 నుంచి సిగరెట్టు పెట్టె మీద 85 శాతం చోటు హెచ్చరిక బొమ్మకే ఇచ్చింది, ఆ తర్వాత మానాలనుకునేవాళ్ల కోసం 1800-11-2356 అని డబ్బులు పడని ఫోను నంబరు కూడా పెట్టించింది. కానీ మావాడు పెట్టె కొంటే కదా. బడ్డీ దగ్గరికెళ్లి ఒడియాలో "భాయ్, గొటె దియ", అంటే ఒకటి ఇవ్వు, అంటాడు, భాయ్ ఒక్కటి తీసి ఇస్తాడు. బొమ్మా నంబరూ పెట్టెతో పాటు భాయ్ దగ్గరే ఉండిపోతాయి, అన్ని హెచ్చరికలు పొద్దస్తమానం చూస్తూ కూర్చునేది పాపం సిగరెట్టు తాగని ఆ భాయే.

తర్వాత వెలిగించుకోవడం. బడ్డీ గుంజకి కొబ్బరి తాడు వేలాడుతుంటుంది, కొసన ఎర్రగా రాజుకుంటూ, పొద్దున్నించి రాత్రి దాకా నీలిపొగ సన్నగా పైకి పోతూ. అగ్గిపెట్టె ఖర్చు లేకుండా ఊరంతటికీ ఒకే అఖండజ్యోతి. మావాడు ఆసుపత్రి వాళ్లిచ్చిన నల్ల కళ్లజోడు నుదుటి మీదికి తోసుకున్నాడు, ఎందుకంటే కళ్లజోడుతో తాడు కొస సరిగా కనపడదు. మెడ వంచి, మొహాన్ని నిప్పు మీదికి దించి, బుగ్గలు లోపలికి లాగి రెండు దమ్ములు పీల్చాడు. తాడు పొగ, సిగరెట్టు పొగ కలిసి తిన్నగా కుడి కంట్లోకి వెళ్లాయి. కుడి కన్ను టక్కున మూసుకుంది. సిగరెట్టు కాల్చే ప్రతివాడూ అలా ఒక కన్ను మూస్తాడు, ఎప్పుడైనా గమనించండి. చెక్‌పోస్టు ఉందని వాడికున్నంత నమ్మకం వాడి కంటికి లేదు.

లేజర్ ఖర్చు గురించి బాధపడుతున్న మామగారికి నేనొక చారిత్రక ఊరట ఇచ్చాను. 1981లో అమెరికాలో రంగస్వామి శ్రీనివాసన్ అనే శాస్త్రవేత్త, పండగ మర్నాడు ఇంట్లో మిగిలిన టర్కీ కోడిని లేబొరేటరీకి తీసుకెళ్లి దాని మీద ఎక్సైమర్ లేజర్ పెట్టి చూశాడు. చుట్టుపక్కల మాడకుండా గీసినంత మేర శుభ్రంగా తెగింది. ఆ దారినే కంటి లేజర్ వచ్చింది. ఆయన చదువుకున్నది మద్రాసులో. మా బరంపురం 1936 ఏప్రిల్ 1న ఒరిస్సాలో కలిసేదాకా మద్రాసు ప్రెసిడెన్సీలోదే. ఆ లెక్కన లేజర్ మనవాళ్ల సొత్తు, మన సొత్తు మన కంటికి పెట్టించుకున్నాం అన్నాను. మామగారు ఏమీ అనలేదు. ఆ కోడిని తర్వాత ఎవరు తిన్నారని అడిగారు.

పొగ ఒక్క లేసిక్ వాళ్ల మీదే పగబట్టిందని అనుకోకండి. శుక్లాలు రెండు మూడు రెట్లు ఎక్కువ, రెటీనా మధ్యలో మాక్యులా చెడిపోయి ఎదుటి మనిషి మొహమే చెరిగిపోయే జబ్బు రెండు నుంచి నాలుగు రెట్లు ఎక్కువ. మందూ పొగా రెండూ బాగా ఉండి తిండి సరిగా లేనివాళ్లకి కంటి నరం దెబ్బతిని రంగులు వెలిసిపోతాయి, ముందు ఎరుపూ ఆకుపచ్చా. బరంపురం పట్టుచీరల ఊళ్లో రంగులు తెలియకపోతే పెళ్లి బట్టల షాపింగ్‌కి ఎవరూ పిలవరు, అది లాభమో నష్టమో మగవాళ్లే తేల్చుకోవాలి. మానేస్తే ఈ ప్రమాదాలు ఏళ్ల మీద తగ్గుతాయి కూడా. నేను మానేసి నాలుగేళ్లయింది. అందుకే ఇంత నోరొచ్చిందని మా ఆవిడ అంటుంది.

మొన్న చెకప్‌కి నేనే తోడు వెళ్లాను. చూపు బ్రహ్మాండంగా ఉంది, చార్టులో కింది లైను దాకా గడగడా చదివాడు. కన్ను మాత్రం పొడిగా ఉంది, చుక్కలు ఇంకో మూడు నెలలు వెయ్యాలన్నారు. సిగరెట్టు మానావా అని డాక్టరుగారు అడిగితే "తగ్గించానండి" అన్నాడు. రాత్రి బరంపురం స్టేషన్లో దిగి స్కూటర్ మీద వస్తుంటే వెనకనుంచి భుజం తట్టి, "బావా, ఒక్క నిమిషం ఆపు" అన్నాడు. అక్కడ మందుల షాపూ భాయ్ బడ్డీ పక్కపక్కనే ఉంటాయి, రెండిటికీ మధ్యన ఒకటే గోడ.

"చుక్కలకేనా?" అన్నాను.

"చుక్కలకే బావా."

నేను బండి దిగలేదు. ఐదు నిమిషాలకి వచ్చి వెనక కూర్చున్నాడు. చేతిలో చుక్కల సీసా ఉంది. అద్దంలో చూశాను, కుడి కన్ను మూసుకుని ఉంది.