ట్రాక్టరుకి బెయిలొచ్చింది

మా గౌతమి గట్టున నేరస్థుల్ని ఎంత కఠినంగా చూస్తారో తెలియాలంటే పోలీస్ స్టేషన్ ఆవరణలోకి ఒకసారి తొంగిచూడాలి. వేపచెట్టు కింద మా బాబాయ్ వరసాయన ట్రాక్టరు సంక్రాంతి ముందు నుంచీ రిమాండులో ఉంది. ముందు టైర్లలో గాలి లేదు. మడ్‌గార్డు మీదకి కాకరపాదు పాకి రెండు పిందెలు కూడా వేసింది. సీటు కింద ఎవరిదో కోడి గుడ్లు పెడుతోంది. తొట్టిలో ఇసుక సగానికి దిగింది. పంచనామాలో మాత్రం నిండుగానే ఉంది. ఇసుకను తవ్వినవాళ్ళు, ఎత్తినవాళ్ళు, తోలినవాళ్ళు, కొన్నవాళ్ళు ఇంతమంది ఉండగా, లోపల మగ్గుతున్నది ఈ ఇనుప ప్రాణి ఒక్కటే.

నేరం చిన్నదని నేననను. ఇసుక ఉచితమని 2024 జూలై 8 నుంచి సర్కారువారే చెబుతున్నారు కదా అని కొందరు వాదిస్తారు. గుళ్ళో ప్రసాదం కూడా ఉచితమే, అర్ధరాత్రి గంగాళంతో సహా ఎత్తుకుపోతే ఊరుకుంటారా? 1957 నాటి గనుల చట్టం 21వ సెక్షను కింద బండిని పట్టుకోవచ్చు, కోర్టు సరేనంటే జప్తు కూడా చేయవచ్చు. ఇలా తవ్వితే గట్లు బలహీనమవుతాయి, లంకలు కోసుకుపోతాయి. ఆ మాట నాకు చెప్పింది బాబాయే. ఏటి కోతలో ఆయన కొబ్బరిచెట్లు పోయాయి, గోదారి మీద ఆయనకి చాలా కోపం.

ఇక బండి విడిపించుకునే పిటిషను. పూర్వం సీఆర్పీసీ (పాత నేర విచారణ చట్టం) 451, 457 సెక్షన్ల కింద వేసేవారు. 2024 జూలై 1 నుంచి కొత్త చట్టంలో అవే 497, 503 అయ్యాయి. నంబర్లు మారాయి గానీ కథ మారలేదు. పిటిషనరు చిన్నకారు రైతు. కొబ్బరికాయలు, ధాన్యం తోలుకోడానికి ఫైనాన్సులో ట్రాక్టరు కొన్నాడు. కిస్తీలు మీద పడుతున్నాయి. ఆ రాత్రి బంధువుల పెళ్ళికి వెళ్ళగా డ్రైవరు చెప్పాపెట్టకుండా బండి తీశాడు.

నేను క్యాలెండరు చూశాను. పుష్యమాసం.

"శూన్యమాసంలో పెళ్ళేంటండీ?" అని ప్లీడరు గారిని అడిగాను. ఆయన కళ్ళజోడు పైనుంచి చూసి, "ఆయ్, పంచాంగం ఎగ్జిబిట్ కాదండి" అన్నారు. మా వైపు అర్ధరాత్రి దొరికిన ప్రతి బండి ఓనరూ ఆ సమయానికి పెళ్ళిలోనే ఉంటాడు. ఇన్ని పెళ్ళిళ్ళు నిజంగా జరిగుంటే మా లంకల్లో ఒక్క బ్రహ్మచారీ మిగలకూడదు.

పిటిషనులో రెండో పేజీకల్లా సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ గారు వచ్చేస్తారు. ఆయన పేరు మీదున్న 2002 నాటి సుప్రీంకోర్టు తీర్పది. పట్టుకున్న బండ్లని స్టేషన్లో ఏళ్ళతరబడి ఉంచి లాభం లేదు, ఫొటోలు తీసి, బాండూ పూచీలూ రాయించుకుని ఇచ్చేయండని చెప్పింది. గుజరాత్‌లో స్టేషను సొత్తు విషయంలో పోలీసుల మీదే ఆరోపణలొచ్చిన కేసది. ఆయన పుణ్యాన మా కోనసీమలో ఎన్ని టిప్పర్లకు సూర్యదర్శనమైందో! ఇసుక ర్యాంపు దగ్గర విగ్రహం పెట్టవచ్చు. కాటన్ దొర పక్కన కాస్త చోటుంది.

ఆర్డరు వచ్చింది. బండి అమ్మకూడదు, రూపం మార్చకూడదు, పిలిచినప్పుడు తీసుకురావాలి, మళ్ళీ ఇలాంటి పని చేయకూడదు. ఇద్దరు పూచీదార్లు కావాలి. ఒకాయన దొరికాడు, ఆయన టిప్పరు ఆ వేపచెట్టుకి అవతలి వైపే ఉంది. రెండో సంతకం నాది.

ఆర్డర్లో బండి గురించే ఉంది, ఇసుక గురించి లేదు. కాబట్టి మిగిలిన ఇసుకని ఆవరణలోనే దించారు. బ్యాటరీ చచ్చిపోయింది. ఇద్దరు కానిస్టేబుళ్ళు, నేనూ తోశాం. కాకరపాదు తెంపబోతే రైటరు గారు "పిందెలున్నాయండి, చూసి" అన్నారు. కోడి ఎటో పోయింది.

పంచనామాలో డ్రైవరు పేరుంది, ఇంజిన్ నంబరుంది, టైర్ల కంపెనీ కూడా ఉంది. ఆ లోడు ఎవరింటికి పోతోందన్న గడి లేదు. మా మేడ మీద పిట్టగోడ పుష్యమాసం నుంచీ మోకాలెత్తునే ఆగిపోయింది.

టీ కొట్టు దగ్గర బాబాయ్ చెవిలో మెల్లగా కదిపాను. ఆయన అటూ ఇటూ చూసి గ్లాసు కింద పెట్టాడు.

"రేపు రాత్రి పెళ్ళికెళ్తున్నానబ్బాయ్."

అప్పటికి మూఢం నడుస్తోంది.